పట్టికలో దొరకనివి: 1589 నాటి ఫ్రెంచ్ నృత్య గ్రంథం నుంచి పవాన్, గాలియార్డ్ కట్టిన కేస్ స్టడీ

ఇంగ్లండ్‌లో మేముండే ఊళ్లో ఒక క్వాయర్, అంటే కలిసి పాడే బృందం, ఉంది. సగంమంది రిటైరైనవాళ్లు, మిగతావాళ్లు ఆఫీసులనుంచి నేరుగా రిహార్సల్‌కు వచ్చేవాళ్లు. వాళ్ల కచేరీ పట్టీలో ‘బెల్ కీ త్యాఁ మా వీ’ అనే 16వ శతాబ్దపు ఫ్రెంచ్ పాట ఉంది. ‘నా ప్రాణాన్ని నీ కళ్లలో బందీ చేసినదానా’ అంటూ మొదలయ్యే నాలుగు గొంతుల పాట. నిజానికి అది ఒక పవాన్, అంటే జంటలు వరసగా నడిచే సభా నృత్యానికి పాట. దీనికి అసలు డ్యాన్స్ ఎలా ఉండేదో అలా కట్టించమని నన్ను అడిగారు. పవాన్ వెనకే గాలియార్డ్ అనే ఎగిరి ఆడే డ్యాన్స్ రావడం ఆ కాలపు ఆనవాయితీ కాబట్టి అదీ కావాలన్నారు. చివర్లో ప్రేక్షకులు కూడా కలిసి ఆడేదేదైనా ఉంటే బాగుంటుందన్నారు.

పాత నృత్య గ్రంథాలు చదివి, వాటిలోని డ్యాన్సులను మళ్లీ కట్టించడం నేను చేసే పని. నా చదువు మొదలైంది కూచిపూడితో. ఈ పనికి క్వాయర్ నుంచి కొందరు వచ్చారు. వాళ్లతోపాటు మన తెలుగు అమ్మాయిలిద్దరు, చిన్నప్పటినుంచి కూచిపూడి నేర్చుకున్నవాళ్లు, చేరారు. గాలియార్డ్‌లో ఎగిరే ఓపిక ఉన్నవాళ్లు కావాలి, క్వాయర్‌లో అలాంటివాళ్లు తక్కువ.

ఈ కేసు రాయడానికి కారణం ఒకటే. పాత డ్యాన్స్ కట్టేవాళ్లలో చాలామంది అడుగుల పట్టికను మాత్రం పీకి తీసుకుంటారు. ఇంటర్నెట్‌లో తిరిగే ‘ఎడమ, కుడి, ఎడమ, కలుపు’ కాగితాలన్నీ అలా వచ్చినవే. వాటితో సగం డ్యాన్సే వస్తుంది. వేగం ఎంత, చేతులు ఎక్కడ, ఏ వయసువాళ్లు ఏది ఆడాలి అనేవి పట్టికల నడుమ ఉన్న మాటల్లో ఉన్నాయి. మా పనిలో చిక్కుపడ్డ ప్రతిచోటా ముడి విప్పింది ఆ మాటలే.

పుస్తకం సంగతి

‘ఓర్కెసోగ్రఫీ’ 1589లో ఫ్రాన్స్‌లోని లాంగ్ర్ అనే కోట పట్టణంలో అచ్చయింది. రచయిత పేరు త్వానో ఆర్బో అని ఉంటుంది. అసలు మనిషి జెహాన్ తబురో, లాంగ్ర్ కేథడ్రల్‌లో మతాధికారి. తన పేరులోని అక్షరాలనే తారుమారు చేసి కలం పేరు కట్టుకున్నాడు. పుస్తకం వచ్చేనాటికి డెబ్బైకి దగ్గర పడ్డాడు. డ్యాన్స్ మాస్టారు కాదు, చిన్నప్పుడు ఆడినవీ చూసినవీ గుర్తుపెట్టుకుని రాసిన పెద్దాయన. అందుకే నాకు ఆయన మాట మీద గురి. వృత్తి గుట్టు దాచుకోవలసిన అవసరం ఆయనకు లేదు. ‘అందరూ సులువుగా నేర్చుకునేలా’ అని శీర్షికలోనే చెప్పుకున్నాడు.

పుస్తకమంతా సంభాషణ. న్యాయశాస్త్రం చదువుకుని వచ్చిన కాప్రియోల్ అనే కుర్రాడు, డ్యాన్స్ రాక ఆడవాళ్ల దగ్గర నామోషీ అవుతోందని ఆర్బో దగ్గరికి వస్తాడు. ఆయన సైన్యపు డోలు దెబ్బలతో మొదలుపెట్టి, పవాన్, గాలియార్డ్, రకరకాల బ్రాన్ల్‌లు (గుంపుగా చేతులు పట్టుకుని పక్కలకు కదిలే డ్యాన్సులు) దాటి, కత్తులతో ఆడే బుఫోఁ దాకా తీసుకెళ్తాడు. పాతకాలపు నృత్యాలు ఎందుకు పోయాయని కాప్రియోల్ అడిగితే, కాలం గడిచిపోవడం, మనుషుల బద్ధకం, వాటిని వర్ణించడంలో ఉన్న కష్టం, వీటివల్లే అన్నట్టు జవాబిస్తాడు. తమ కాలపు డ్యాన్సులకూ అదే గతి పట్టకూడదనే ఇద్దరి తాపత్రయం.

ఆయన రాత పద్ధతి చూడముచ్చటగా ఉంటుంది. మామూలుగా అడ్డంగా సాగే స్వర పంక్తిని నిలువుగా తిప్పేశాడు. పేజీ పైనుంచి కిందికి స్వరాలు దిగుతుంటే, ఒక్కో స్వరం పక్కన ఆ క్షణంలో ఏ కాలు ఏం చేయాలో మాటల్లో ఉంటుంది. వేలు పెట్టి కిందికి జరుపుకుంటూ పోతే పాట, అడుగు రెండూ కలిసి వస్తాయి. అంతకుముందు 15వ శతాబ్దంలో బాస్ దాన్స్ అనే పాత సభా నృత్యాలకు ఉత్త అక్షరాలే రాసేవారు: వంగి అభివాదం చేయడానికి ఒక అక్షరం, సింగిల్ అడుగుకు ఒకటి, డబుల్‌కు ఒకటి (ఈ అడుగులేమిటో కింద పవాన్ దగ్గర చెబుతాను). బ్రసెల్స్ రాజ గ్రంథాలయంలో నల్లని పుటల మీద బంగారు, వెండి సిరాలతో రాసిన అలాంటి ప్రతి ఉంది. అంత అందమైన పుస్తకంలోనూ ఏ అడుగు ఏ స్వరం దగ్గర మొదలవుతుందో విడమరిచి ఉండదు. చదివేవాడికి అది ముందే తెలుసు, వరస గుర్తుంటే చాలు. ఆర్బో రాసింది ఏమీ తెలియని కుర్రాడి కోసం. మనమూ ఆ కుర్రాడి స్థానంలోనే ఉన్నాం కాబట్టి ఆ పుస్తకం మనకు ఇంత పనికొస్తోంది.

మొదటే ఒక నియమం పెట్టుకున్నాను. ఈ కచేరీకి ఆర్బో ఒక్కడే ఆధారం. గాలియార్డ్ మీద ఇటలీలో ఇంతకంటే వివరమైన పుస్తకాలున్నాయి. ఫాబ్రిత్సియో కరోసోది 1581లో, చేజరే నేగ్రిది 1602లో వచ్చాయి. వాటిలోని విన్యాసాలు కళ్లు చెదిరేలా ఉంటాయి. ఇక్కడో ముక్క అక్కడో ముక్క తెచ్చి అతికిస్తే చూడ్డానికి బాగానే ఉంటుంది, కానీ అలాంటి డ్యాన్స్ ఏ ఊళ్లోనూ ఎవరూ ఆడి ఉండరు.

పవాన్: కలిపిన కాలు

పవాన్ అడుగులు తేలిక. రెండు సింగిళ్లు, ఒక డబుల్. సింగిల్ అంటే ఒక కాలు ముందుకు వేసి రెండోదాన్ని పక్కకు తెచ్చి కలపడం. డబుల్ అంటే మూడు అడుగులు వేసి నాలుగోదానికి కలపడం. డోలు దరువు మొదటినుంచి చివరిదాకా ఒకటే: ఒక దీర్ఘం, రెండు హ్రస్వాలు. ఛందస్సు చదువుకున్న మనవాళ్లకు ఇంకా సులువుగా చెప్పొచ్చు, పవాన్ మొత్తం భగణం మీద నడుస్తుంది. గురువు, లఘువు, లఘువు. సింగిల్‌కు రెండు భగణాలు, డబుల్‌కు నాలుగు. అమ్మాయిలిద్దరికీ ఈ మాట చెప్పగానే డోలు అక్కర్లేకుండానే నడిచారు.

వాళ్లకు ఇబ్బంది వచ్చింది ఇంకోచోట. కూచిపూడిలో కాలు తెచ్చి పక్కన పెట్టామంటే తట్టినట్టే, తట్టామంటే బరువు దాని మీదికి వచ్చినట్టే. పవాన్‌లో ఎడమ కాలు వేసి కుడి కాలు కలిపాక, వెంటనే రావలసింది కుడి సింగిల్. కలిపిన కుడి కాలి మీదికి బరువు వెళ్లిపోతే అది మళ్లీ లేవదు. అప్పుడు ఎడమ కాలే లేస్తుంది, జంటలో ఇద్దరూ వేర్వేరు కాళ్ల మీద పడతారు. ‘పాదాలు కలుపు’ అన్న ఒక్క ముక్క పట్టుకుని ఎంత సాధన చేసినా ఇది తేలదు. ఆర్బో పట్టికలో మాత్రం తేలిపోతుంది, ఎందుకంటే ఆయన ప్రతి వరసలోనూ కాలి పేరు రాస్తాడు. ‘పాదాలు కలుపు’ కింది వరసలో కుడి పాదం అని ఉంది. అంటే పై వరస పూర్తయ్యేసరికి కుడి కాలు ఖాళీగా ఉండాలి. ఒక పేరు కింద ఇంకో పేరు చదివితే బరువు ఎటుందో తెలిసిపోతుంది. నిలువు రాతలో ఉన్న గొప్ప సౌలభ్యం ఇది.

ఆ సంగతి తెలిశాక సాధన మార్చాం. కలిపే కాలి మడమ నేలకు ఆనకుండా, వేళ్లు మాత్రం తాకించి ఆపమన్నాను. క్వాయర్‌లోని పెద్దవాళ్లకు అది వెంటనే వచ్చింది. కూచిపూడి అమ్మాయిలకే ఎక్కువ సమయం పట్టింది. వాళ్ల కాళ్లకు చిన్నప్పటినుంచి ఉన్న అలవాటు బలమైనది మరి.

ముందుకు ఒక వరస వెళ్లాక వెనక్కి రావాలా, ముందుకే సాగాలా? పుస్తకం రెంటికీ ఒప్పుకుంటుంది. మా హాలు పొడుగైనది, పైగా పాడేవాళ్లలోనే కొందరు నడుస్తున్నారు. వెనక్కి నడుస్తూ పాడటం కష్టం. ముందుకే సాగే పద్ధతి తీసుకున్నాం.

గాలియార్డ్: ఐదో మాత్ర

గాలియార్డ్ ప్రాథమిక వరస పేరు ‘ఐదు అడుగులు’. పట్టేది మాత్రం ఆరు మాత్రలు. మూడేసి మాత్రల చొప్పున రెండు, మన లెక్కలో తకిట తకిట. ఆర్బో పట్టికలో పైనుంచి కిందికి ఇలా ఉంటుంది: ఎడమ గ్రేవ్, కుడి గ్రేవ్, ఎడమ గ్రేవ్, కుడి గ్రేవ్, పెద్ద గెంతు, ఎడమ నిలుపు. గ్రేవ్ అంటే ఒంటికాలి మీద ఎగిరి దిగుతూ రెండో కాలిని ముందుకు ఎత్తి విసరడం. నిలుపు అంటే ఒక పాదం ముందు, ఒకటి వెనక ఉంచి రెంటి మీదా బరువుతో నిలవడం. తర్వాతి వరస అంతా కాళ్లు మారి వస్తుంది.

నాలుగు విసుర్లూ తెలుసు, నిలుపూ తెలుసు. ఐదో మాత్ర దగ్గర ఏమవుతుందన్నదే అసలు డ్యాన్స్. పట్టికలో ఐదో స్వరం పక్కన గెంతు, ఆరో స్వరం పక్కన నిలుపు ఉన్నాయి. అంటే ఐదో స్వరం మోగుతున్నప్పుడు మనిషి గాల్లో ఉండాలి. లెక్కలోకి వచ్చే అడుగులు నాలుగు విసుర్లు, ఒక నిలుపు, మొత్తం ఐదు. ఐదో మాత్రకు అడుగు లేదు, అందుకే ఆరు మాత్రల్లో ఐదు అడుగులు.

చెప్పడం సులువే. ఆడేటప్పుడు అమ్మాయిల్లో ఒకరు ఆగిపోయి, “అక్కా, ఐదులో కాళ్లు నేల మీద లేకపోతే ఇంక సమం ఎక్కడ పట్టుకోవాలి?” అని అడిగింది. సరైన ప్రశ్న. మన అలవాటులో తీర్మానం, అంటే అడుగుల ముగింపు, సమం మీద, అంటే తాళం మళ్లీ మొదలయ్యే మాత్ర మీద పడుతుంది. ఎగిరితే సమం మీద దిగుతాం, ఆ దిగడమే ముగింపు. గాలియార్డ్‌లో దిగేది ఆరో మాత్ర మీద. వెంటనే వచ్చే ఒకటో మాత్ర మీద మళ్లీ గ్రేవ్‌తో లేవాలి. అంటే సమానికి ముందే దిగి, సమం మీద లేస్తారు. “ఆరులో దిగమ్మా, కానీ అక్కడ ఉండిపోకు. ఆ మోకాలి వంపే నీ తర్వాతి ఎగురు” అన్నాను. నిలుపును ముగింపుగా ఆడినంతసేపూ తర్వాతి వరసకు ఆలస్యమవుతూ వచ్చారు. దాన్ని ఎత్తుగడగా ఆడటం మొదలుపెట్టాక గాలియార్డ్ కుదిరింది.

సాధనకు మేము వాడిన ఉపాయం చాలా మామూలుది. పేజీని ముందు పెట్టుకుని అందరం గట్టిగా చదివేవాళ్లం: ఎడమ, కుడి, ఎడమ, కుడి, మౌనం, నిలు. ఐదో మాత్ర దగ్గర నోరు మూసుకోవాలి. ముందు కూర్చుని, తర్వాత నిలబడి చేతులతో, చివర్న కాళ్లతో. ఐదులో ఎవరి నోరు మెదిలినా వాళ్ల కాలు కూడా నేల మీదికి వచ్చేస్తుంది. దీనికి మినహాయింపు నాకు కనబడలేదు.

ఆర్బో ఈ చివరి రెండు మాత్రలను కలిపి కదాన్స్ అంటాడు. తన కాలపు కుర్రాళ్ల మీద ఆయనకో ఫిర్యాదు ఉంది. వరస, పొందిక లేకుండా గోలగా ఆడుతున్నారనీ, కదాన్స్ మీద సరిగ్గా దిగితే చాలనుకుంటున్నారనీ. ఆ ఫిర్యాదును నేను ఆధారంగా తీసుకున్నాను. నడుమ ఏం చేసినా సరిపెట్టుకోవచ్చు, కదాన్స్ తప్పితే అది గాలియార్డ్ కాదన్న ఒప్పందం ఆ సభల్లో ఉందన్నమాట. మాకున్న సమయాన్ని కూడా అలాగే పంచాం. కొత్త విన్యాసాలు పెట్టుకోలేదు. సాధన అంతా ఐదు, ఆరు మాత్రల మీదే.

వేగం ఎంత

క్వాయర్ కండక్టర్‌కు గాలియార్డ్ చురుగ్గా వినబడాలి. ఆయన మెట్రోనోమ్ (లయ కొట్టే యంత్రం) నిమిషానికి 190 మాత్రల దగ్గర పెట్టారు. వినడానికి హుషారుగా ఉంది, ఆడటానికి కుదరలేదు. గెంతు వట్టి కుప్పిగంతు అయిపోయింది. స్వరపత్రంలో వేగం రాసి లేదు, పట్టికలోనూ లేదు. ఇక్కడ రుచుల మీద వాదించుకుంటే తెగదు.

జవాబు సంభాషణలో దొరికింది. టోర్డియోఁ అనే డ్యాన్స్‌కూ గాలియార్డ్‌కూ అడుగుల వరస ఒకటే. తేడా ఏమిటో ఆర్బో విడమరిచి చెబుతాడు. టోర్డియోఁలో పాదాలు నేలకు దగ్గరగా ఉంటాయి, దరువు తేలిగ్గా, వడిగా సాగుతుంది. గాలియార్డ్‌లో కాళ్లు ఎత్తుగా లేస్తాయి కాబట్టి దరువు నెమ్మదిగా, బరువుగా ఉండాలి. ఇంకో మాట కూడా అంటాడు: పొట్టివాడికంటే పొడుగువాడికి నెమ్మదిగా వాయించాలి, ఎందుకంటే పొడుగువాడికి కాలు విసిరి వెనక్కి తీసుకోవడానికి ఎక్కువసేపు పడుతుంది. అంటే పాటకు సొంత వేగం లేదు. ఆడే మనిషి ఎత్తు, వాడి గెంతు ఎత్తు చూసి వాయించేవాడు వేగం పట్టుకోవాలి.

కండక్టర్ ఇంజినీరింగ్ చదివినవారు. అందుకని దీన్ని లెక్క వేసి చూపించాను. గాల్లో ఉండే కాలం తెలిస్తే గెంతు ఎత్తు తెలుస్తుంది: కాలం వర్గాన్ని గురుత్వ త్వరణంతో గుణించి ఎనిమిదితో భాగించాలి. నిమిషానికి 190 మాత్రలంటే ఒక్కో మాత్ర 0.32 సెకన్లు. అంతసేపూ గాల్లో ఉన్నా శరీరం లేచేది 12 సెంటీమీటర్లే. 150 దగ్గర మాత్ర 0.4 సెకన్లు, ఎత్తు దాదాపు 20 సెంటీమీటర్లు. 120 దగ్గర అర సెకను, ఎత్తు 30 సెంటీమీటర్లు దాటుతుంది, ప్రతి ఆరు మాత్రలకూ అలా ఎగరడం మామూలు మనిషివల్ల కాదు. మాత్ర మొత్తం గాల్లో ఉండాలనేమీ లేదు కాబట్టి ఇవి పైహద్దులు మాత్రమే. ‘పెద్ద గెంతు’ అన్న మాటకు న్యాయం జరగాలంటే 12 సెంటీమీటర్లు చాలదు. చివరికి నిమిషానికి 130, 140 మధ్య నిలబడ్డాం. పొడుగ్గా ఉండే ఒక అబ్బాయి ఆడే వరసకు డోలు వాయించే ఆమె ఇంకాస్త నెమ్మదించేది. ఆర్బో చెప్పిన పొడుగువాడి మాట మా కళ్లముందే రుజువైంది.

కండక్టర్ కోరిన 190 కూడా వృథా పోలేదు. అది టోర్డియోఁకు సరిపోయింది. మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లు గాలియార్డ్ ఆడలేరు గానీ, పాదం నేలకు ఆనుకునేంత తక్కువ ఎత్తులో అవే ఐదు అడుగులు చక్కగా ఆడారు. అసలైతే టోర్డియోఁ బాస్ దాన్స్ వెనక వచ్చేది. ఆర్బో నాటికే బాస్ దాన్స్ వాడుక పోయి నలభై యాభై ఏళ్లయిందని ఆయనే రాశాడు. గాలియార్డ్ వెనక టోర్డియోఁ పెట్టడం మా నిర్ణయం. కచేరీ కరపత్రంలో ఆ మాట రాశాం.

చేతులు

ఈ పని చేసేవాళ్లందరినీ వేధించేది చేతుల ప్రశ్న. కూచిపూడి, భరతనాట్యం నుంచి వచ్చినవాళ్లకు మరీను. చెయ్యి ఖాళీగా ఉంటే ఏదో తప్పు చేస్తున్నట్టు ఉంటుంది. అమ్మాయిలు తెలియకుండానే మోచేతులు ఎత్తి నాట్యారంభం అనే మొదటి భంగిమలోకి వెళ్లిపోయేవారు. పట్టికలో చేతుల గురించి ఒక్క అక్షరం లేదు. లేదు కాబట్టి మనకు నచ్చినట్టు పెట్టుకోవచ్చని కొందరు, బాలే చేతులు తెచ్చి పెట్టేవాళ్లు కొందరు.

ఆర్బో మాత్రం చెప్పాడు, మర్యాదలు నేర్పేచోట. తల, ఒళ్లు నిటారుగా ఉంచు. చూపులో ధీమా ఉండాలి. ఉమ్మడం, ముక్కు చీదడం తగ్గించు, తప్పకపోతే ముఖం పక్కకు తిప్పి తెల్లని రుమాలు వాడు. మాట సౌమ్యంగా ఉండాలి. చేతులు పక్కన వేలాడనీ, చచ్చుబడ్డట్టూ ఉండకూడదు, ఊరికే కదులుతూనూ ఉండకూడదు. బట్టలు శుభ్రంగా, మేజోళ్లు బిగువుగా, బూట్లు మురికి లేకుండా చూసుకో. రుమాలు సంగతి చదివి నవ్వుకుని పేజీ తిప్పేస్తే చేతుల సంగతి కూడా దాంతోపాటే పోతుంది. గాలియార్డ్‌లో చేతులను నిజంగా అలా వదిలి చూశాం. ఎగిరేటప్పుడు భుజాలు పైకి రాకుండా, చేతులు బరువుగా పక్కన ఉంటే కాళ్ల విసురు ఎంత స్పష్టంగా కనిపిస్తుందో! చేతులు కదిలినప్పుడు కళ్లు అటు పోతాయి. ఇది కాళ్ల పనితనం చూపించుకునే డ్యాన్స్.

ఆడవాళ్ల విషయంలో పుస్తకం కాస్త పిసినారి. కాప్రియోల్ మగపిల్లాడు కాబట్టి పాఠమంతా మగవాడి వైపునుంచే సాగుతుంది. పవాన్‌లో అమ్మాయిలు కళ్లు దించుకుని, అప్పుడప్పుడు సభవైపు బిడియంగా చూడాలని ఉంది గానీ, గాలియార్డ్‌లో వాళ్లు ఎంత ఎత్తు ఎగరాలో నాకు కావలసినంత వివరంగా లేదు. మా గుంపులో బాగా ఎగరగలిగినవాళ్లు ఇద్దరు ఆడపిల్లలు. వాళ్లకు మగవాడి వరసే నేర్పాను. ఇది మా ఎంపిక అని కరపత్రంలో వేశాం.

ఇక్కడ మా జాయపసేనాని గుర్తుకు రావడం సహజం. కాకతి గణపతిదేవుని దగ్గర గజసైన్యానికి అధిపతిగా ఉన్న ఆయన 1253-54 ప్రాంతంలో సంస్కృతంలో రాసిన ‘నృత్తరత్నావళి’లో మొదటి నాలుగు అధ్యాయాలు మార్గ (శాస్త్ర సంప్రదాయ) నృత్తానికి, తర్వాతి నాలుగు దేశి (ప్రాంతీయ) నృత్తానికి కేటాయించాడు. పేరిణి, కర్రలతో ఆడే దండరాసకం లాంటివి ఆ దేశి భాగంలో ఉన్నాయి. ఆర్బో లాగా స్వరం పక్కన అడుగు పేర్చడం అందులో లేదు, లక్షణం చెప్పే శ్లోకాలు అవి. నటరాజ రామకృష్ణ గారు పేరిణిని మళ్లీ నిలబెట్టినప్పుడు ఆ గ్రంథానికి తోడు రామప్ప గుడి శిల్పాలనూ ఆధారం చేసుకున్నారు. శ్లోకంలో లేని ఒంటి తీరు రాతిలో వెతికారు. నాకు రామప్ప లాంటిది లేదు. ఆర్బో పుస్తకంలో చెక్క అచ్చు బొమ్మలు కొన్ని ఉన్నాయి, కాలు ఎంత ఎత్తాలో సుమారుగా చూపిస్తాయి. మిగిలినదంతా ఆ ముసలాయన మాటల్లోంచే తీసుకోవాలి.

తర్వాత వచ్చినవి

తర్వాతి కాలంలో రాత పద్ధతి చాలా మెరుగైంది, అయినా ఈ ఇబ్బంది పోలేదు. ఇంగ్లండ్‌లో జాన్ ప్లేఫోర్డ్ 1651లో అచ్చువేసిన కంట్రీ డ్యాన్సుల పుస్తకంలో ఎవరు ఎటు వెళ్లాలో ఉంటుంది, కాలు ఎలా వేయాలో దాదాపు ఉండదు. 20వ శతాబ్దం మొదట్లో సెసిల్ షార్ప్ ఆ డ్యాన్సులను బతికించినప్పుడు అడుగుల తీరు ఆయనే తేల్చుకోవలసి వచ్చింది. పారిస్‌లో రౌల్ ఓజే ఫయే 1700లో ‘కొరెగ్రఫీ’ వేశాడు. అందులో పేజీయే నేల. నర్తకుడు నడిచే దారి గీతగా ఉంటుంది, గీతకు కుడి ఎడమల అడుగుల గుర్తులు, ఒక్కో గుర్తు మీద వంగడానికి, లేవడానికి, ఎగరడానికి చిన్న చిన్న గీట్లు, సంగీతపు విభాగాలకు సరిపడేలా దారి మీద అడ్డగీతలు. ఈ పద్ధతి తనదని పియెర్ బోషాఁ 1704లో రాజు మండలికి ఫిర్యాదు చేసుకున్నాడు, నెగ్గలేదు. 1706 కల్లా జాన్ వీవర్ దాన్ని ఇంగ్లిష్‌లోకి తెచ్చాడు.

ఫయే పేజీ ముందు కూర్చుంటే నాకు గౌరవం కలుగుతుంది. పాదం ఎటు తిరిగి ఉండాలో కూడా చెప్పగల రాత అది. చేతులకూ గుర్తులిచ్చాడు, అయితే అచ్చయిన డ్యాన్సుల్లో అవి అరుదుగానే వేశారు. చివరికి 1725లో పియెర్ రామో అనే మాస్టారు, ఎలా నిలబడాలి, టోపీ ఎలా తీయాలి, వంగి అభివాదం ఎలా చేయాలి, చేతులు ఎలా కదపాలి అన్నవి మళ్లీ మాటల్లో, బొమ్మలతో ఒక పెద్ద పుస్తకంగా రాశాడు. గుర్తులు అంత బాగా కుదిరాక కూడా పాఠం చెప్పే గొంతు అవసరం తీరలేదు. ఫయే రాత నుంచి కట్టే పనుల్లో నేను రామోను పక్కనే పెట్టుకుంటాను. ఆర్బో దగ్గర ఆ రెండు పుస్తకాలూ ఒకే అట్టలో ఉన్నాయి.

కచేరీ రోజు

చివరి అంశంగా బ్రాన్ల్ డబుల్ పెట్టాం. గుండ్రంగా చేతులు పట్టుకుని పక్కలకు కదిలే డ్యాన్స్. ఎడమకు ఒక డబుల్, కుడికి ఒక డబుల్. సరిసమానంగా వెళ్లొస్తే వలయం అక్కడే ఉండిపోతుంది కాబట్టి ఎడమకు పెద్ద అడుగులు, కుడికి చిన్నవి వేయమన్నాను. ప్రేక్షకులకు అంతకంటే చెప్పనక్కర్లేదు. ఏ వయసుకు ఏ బ్రాన్ల్ అన్నది కూడా ఆర్బో చెప్పి ఉంచాడు. పెద్దవాళ్లు డబుల్, సింపుల్ బ్రాన్ల్‌లను నింపాదిగా ఆడతారు, కొత్తగా పెళ్లయినవాళ్లు బ్రాన్ల్ గే, అందరికంటే చిన్నవాళ్లు బర్గండీ బ్రాన్ల్. ఒకే వలయంలో అన్ని వయసులవాళ్లూ ఉన్నారు మాకు, కాబట్టి డబులే సరైనది. ఇంకో సంగతి చెబితే క్వాయర్‌వాళ్లు ఆశ్చర్యపోయారు. ఏటా క్రిస్మస్‌కు వాళ్లు పాడే ‘డింగ్ డాంగ్ మెరిలీ ఆన్ హై’ బాణీ కూడా ఈ పుస్తకంలోని ఒక బ్రాన్ల్‌దే, మాటలు 20వ శతాబ్దంలో చేరాయి.

పవాన్ నేను అనుకున్నదానికంటే బాగా వచ్చింది. పాడేవాళ్లే నడవడంవల్ల ఊపిరి, అడుగు కలిసిపోయాయి. గాలియార్డ్‌లో ఆడినవాళ్లందరూ కదాన్స్ మీద దిగారు. ఒక జంట విసుర్లలో కాళ్లు మారిపోయినా ఐదులో లేచి ఆరులో దిగి కలిసిపోయారు, చూసేవాళ్లకు ఏమీ తెలియలేదు. ఆర్బో విసుక్కున్న కుర్రాళ్లు ఆడిన పద్ధతి కూడా ఇదే. బ్రాన్ల్‌లో ప్రేక్షకులు తోసుకున్నారు, నవ్వుకున్నారు, రెండో వలయం కట్టాల్సి వచ్చింది.

క్వాయర్‌కు ఇచ్చిన ఫైలులో ప్రతి అడుగుకూ మూడు రంగుల్లో ఒకటి వేశాను: పట్టికలో ఉన్నది నలుపు, సంభాషణ నుంచి తీసినది నీలం, మా సొంత నిర్ణయం ఎరుపు. వేగం, చేతులు, నడుము తీరు, ఎవరు ఏది ఆడాలి అన్నవన్నీ నీలంలో పడ్డాయి. డ్యాన్సుల వరస, ఆడపిల్లలకు మగవాడి విసుర్లు, బ్రాన్ల్‌లో అడుగుల కొలత ఎరుపు. మరో బృందం ఇదే పని ఎత్తుకుంటే ఎరుపు ముక్కలను నిస్సంకోచంగా మార్చుకోవచ్చు. నీలం ముక్కలు మార్చాలంటే ముందు ఆ పేజీ చదవాలి.

పుస్తకం స్కాన్లు ఫ్రాన్స్ జాతీయ గ్రంథాలయం వారి గాలికా వెబ్‌సైట్‌లోనూ, అమెరికా లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ నృత్య గ్రంథాల సేకరణలోనూ ఉచితంగా ఉన్నాయి. ఫ్రెంచ్ రానివాళ్లకు మేరీ స్టువర్ట్ ఎవాన్స్ ఇంగ్లిష్ అనువాదం ఉంది. జూలియా సట్టన్ సవరణలతో 1967లో వచ్చిన కూర్పు తీసుకోండి, పట్టికలన్నీ అందులో ఉన్నాయి. కూచిపూడి నుంచి వచ్చేవాళ్లు గాలియార్డ్‌తో మొదలుపెట్టకుండా, పవాన్‌లో కలిపిన కాలి మీద బరువు వేయకుండా నడవడం ముందు సాధించుకుంటే మిగతాది త్వరగా వస్తుంది.